పండు లోపలి రంగు

జూన్ 14, మంగళవారం

తమ్ముడు ఇస్కందర్ కూతురికి పెళ్ళి. సెప్టెంబరు పదిన. వాడు నాకు చెప్పలేదు. వాడికీ నాకూ మాటలు పోయి పంతొమ్మిదేళ్ళు. తన్నూస్ తల్లి చెప్పింది, ఉదయం ఇల్లు తుడవడానికి వచ్చి, కాఫీ గిన్నె పొయ్యి మీద పెడుతూ.

"కింద ఒకటే సందడి మాస్టారూ. నవ్వులూ పాటలూ. మీకు వినపళ్ళేదా?"

"వినపడింది. ఎలకలనుకున్నాను."

"ఎలకలైతే మిమ్మల్ని ఈపాటికి పెళ్ళికి పిలిచుండేవి," అంది.

ఈ ఆడమనిషి నోటికి భయపడే దాని మొగుడు తొందరగా పోయాడని నా నమ్మకం.

కింద మిఠాయి దుకాణం, ఒకప్పుడు ఇద్దరిదీ, దాని వెనక తమ్ముడి ఇల్లు, పైన నేను. మధ్యలో పద్దెనిమిది మెట్లు. నేను పోయాక ఈ ఊళ్ళో ఇస్కందర్ చెప్పే కథే మిగులుతుంది. అందుకే ఈ నోటుపుస్తకం తీశాను. ఎవరికీ చూపించను. కానీ నిజం ఎక్కడో ఒకచోట ఉండాలి.

నిజం ఇది: మా తమ్ముడు అట్ట కేకుల వ్యాపారి. ఏడు అంతస్తులు, లోపలంతా అట్ట, పైన వేలెడు మందాన పంచదార పూత. వెనక వైపు ఒక చీలిక. పెళ్ళికొడుకూ పెళ్ళికూతురూ కలిసి పొడుగాటి కత్తి పట్టుకుని ఆ చీలికలోకి దింపుతారు. జనం చప్పట్లు కొడతారు. తినే కేకు వంటగదిలోంచి, రేకు పళ్ళేల్లో, చదరాలుగా కోసి వస్తుంది. నేను మిఠాయి మాస్టారుగా ముప్ఫై ఏళ్ళపాటు చేసినవి మూడే అంతస్తులు. తెలుపు. పై ముక్క నుంచి అడుగు ముక్క దాకా నోట్లో పెట్టుకునేవే.

జూన్ 19, ఆదివారం

రెండు కిలోల ఆప్రికాట్లు కొన్నాను. పంట రాగానే ప్రతి ఏడూ కొంటాను. జామ్ కాచి సీసాలకెత్తుతాను. తినను.

"రోజూ చక్కెర లేని చావింటి కాఫీ తాగే మనిషికి ఇన్ని సీసాల జామ్ ఎందుకు మాస్టారూ?"

"అలవాటు."

"ఏది? కాఫీయా, జామా?"

సీసా మూత బిగించాను. ఒకప్పుడు ఈవిడ నన్ను నజ్లా నాన్న అని పిలిచేది. ఊరంతా అలాగే పిలిచేది. ఒకరోజు అందరూ కూడబలుక్కున్నట్టు మాస్టారు అనడం మొదలుపెట్టారు.

జూలై 3, ఆదివారం

రిందలా వచ్చింది. ఇస్కందర్ కూతురు. తలుపు తట్టి, నేను రమ్మనేలోపు లోపలికొచ్చి, నా పుస్తకాలు పక్కకు జరిపి, బల్ల మీద రంగు ముక్కలు పేకముక్కల్లా పరిచేసింది. బేరూతు నుంచి కారీన్ అని ఒకావిడ వస్తోందట. పెళ్ళి ఏర్పాట్లన్నీ ఆవిడవే. పెళ్ళికి ముందు ఒక రంగు తేల్చుకోవాలట. కుర్చీల గుడ్డలు, పువ్వులు, తోడు పెళ్ళికూతుళ్ళ గౌన్లు, చక్కెర బాదం పప్పుల పొట్లాలు, కేకు, అన్నీ అదే రంగులో ఉండాలట.

"ఇది ఎండిన గులాబి. ఇది తడి ఇసుక. ఇదేమో పుదీనా పొగ. ఏది బావుంది పెదనాన్నా?"

"పుదీనాకి పొగేమిటే? పెళ్ళి చేసుకుంటున్నావా, గోడలకి సున్నం వేయిస్తున్నావా?"

"కారీన్ చెప్తే వింటారు, నేను చెప్తే నవ్వుతారు."

"కారీన్ చెప్పినా నవ్వుతాను. పిలువు."

అది కూడా నవ్వింది. తినుబండారాల జాబితా చదివింది. వేలెడు గాజు గ్లాసుల్లో పొరలు పొరలుగా క్రీమట, దాని మీద ఒక్కటంటే ఒక్కటి పిస్తా పలుకట. మందు సీసాలో మందు పోసినట్టు పెళ్ళివారికి తీపి కొలిచి పోయడం ఎవడు కనిపెట్టాడో! చీజ్ చుట్టల మీద గులాబీ నీటి పాకం పోసి పళ్ళెం నిండా పెట్టిన చేతులివి. ఆ మాట దానితో అనలేదు. అన్నానేమో. అన్నాను.

అప్పుడడిగింది, ముక్కలన్నీ పోగుచేస్తూ, నా వైపు చూడకుండా:

"నజ్లా అక్కకి ఏ రంగంటే ఇష్టం?"

నా భార్య పోయాక ఈ ఇంట్లో ఆ పేరు పలికినవాళ్ళు లేరు. పదకొండేళ్ళు.

"తెలుపు," అన్నాను.

"నిజంగానా?"

"నేను దాని తండ్రిని."

సరేనని వెళ్ళిపోయింది. ఒక ముక్క బల్ల మీద వదిలేసింది. మరిచిపోయిందో, కావాలనే వదిలిందో. ఏ రంగో ఇక్కడ రాయను.

జూలై 4

దాన్ని పుస్తకంలో పెట్టాను. పేజీ గుర్తు కోసం.

జూలై 10, ఆదివారం

ఈ రోజు రాసేస్తాను.

1992, మే నెల. నజ్లాకి ఇరవై నాలుగు. నిశ్చితార్థం అయింది, జూలైలో పెళ్ళి. చెప్పుల కోసం బేరూతు వెళ్ళింది. వస్తుంటే కొండ దారిలో పొగమంచు. లారీ. ఇంతకంటే రాయడానికి ఏమీ లేదు.

పెళ్ళి కాకుండా పోయిన పిల్లని మేం పెళ్ళికూతురిలానే సాగనంపుతాం. తెల్ల పెట్టె. పెళ్ళి డప్పులు. బియ్యం, చక్కెర పూసిన బాదం పప్పులు మేడల మీంచి చల్లుతారు. నా చేత్తో పాకం పట్టిన బాదం పప్పులే చల్లారు. ఆ డప్పులు మా మెట్ల కింద మొదలై చర్చి దాకా ఆగలేదు. పాత అరబ్బు కవులు ప్రియురాలు విడిచిపోయిన చోట నిలబడి, బూడిదనీ గుడారం గుంజల గుర్తుల్నీ చూసి ఏడ్చారు. వాళ్ళకి చూడటానికి బూడిదైనా ఉంది. నాకు చెవుల్లో డప్పులు తప్ప ఏమీ మిగల్లేదు.

ఇక ఇస్కందర్ చేసిన పని. చర్చి హాల్లో తెల్ల పెట్టె పక్కన కేకు నిలబెట్టాడు. ఏడు అంతస్తులు. తెలుపు కాదు. ఆప్రికాట్ రంగు! శవం పక్కన ఆ రంగు! తెచ్చి నా చేతికి కత్తి ఇచ్చాడు. దింపాను. చీలికలోంచి పిడి దాకా జారిపోయింది. లోపల ఏమీ లేదు. అట్ట గీరుకున్న చప్పుడు హాల్లో అందరికీ వినపడింది.

"నా కూతురికి అట్ట పెట్టావట్రా?" అన్నాను. అందరి ముందూ.

వాడు మాట్లాడలేదు. అప్పుడూ మాట్లాడలేదు, ఆ తర్వాతా ఒక్క సంజాయిషీ లేదు. తప్పు లేనివాడైతే జవాబు చెప్పేవాడు.

అంతకు ముందు, చలికాలం చివర్లో, నజ్లా కేకు గురించి నన్నేదో అడిగింది. నేనేదో అన్నాను. తండ్రులు అనేదే.

జూలై 17, ఆదివారం

ఎవరూ రాలేదు. తన్నూస్ తల్లికి నడుం నొప్పి. పాదిరి గారు వీధిలో కనపడి, "క్షమించడానికి వయసు అడ్డం కాదు మెల్హెమ్," అన్నాడు. "ప్రసంగం పొడుగు తగ్గించడానికీ కాదు ఫాదర్," అన్నాను. ఆయన నవ్వలేదు. ఇంటికొచ్చి మూడు వందల పేజీలు చదివాను. ఒక్క వాక్యం గుర్తు లేదు.

జూలై 24, ఆదివారం

రిందలా మళ్ళీ వచ్చింది. ఈసారి రంగు ముక్కలు లేవు. ఒకే ఒక కాగితం, నాలుగు మడతలు, మూలల్లో వెన్న మరకలు.

"నాన్న వంటల పుస్తకంలో దొరికింది పెదనాన్నా. నేను ఎండిన గులాబికి ఒప్పేసుకున్నాను. ఇది చూశాక మనసొప్పలేదు. మీరు చూసి, వద్దంటే వద్దు."

నజ్లా చేతిరాత. పెన్సిలుతో కేకు బొమ్మ. ఒకటి, రెండు, మూడు అని ఏడు దాకా అంకెలు. పక్కన రాసింది:

"చిన్నాన్నా, రంగు ఆప్రికాట్. పండు పైన ఉండే రంగు కాదు, చీల్చితే లోపల ఉంటుందే, అది. పైన ఒక్క అంతస్తు నిజం కేకు పెట్టు, మిగతావి అట్టవైనా ఫర్లేదు, పొడుగ్గా ఉండాలి. నాన్నకి చెప్పకు. ఆ రోజు చూసి తిట్టనీ. తిట్టాక నవ్వుతాడు."

కింద తారీఖు. 1992 మార్చి 2.

"నాన్న మీకెప్పుడూ చెప్పలేదా?" అంది రిందలా.

"నాకెవడూ ఏదీ చెప్పలేదు."

"నేనడిగితే నాన్న కాగితం తీసుకుని లోపలికెళ్ళిపోయాడు. మర్నాడు తనే తెచ్చిచ్చి, 'పెదనాన్నకి చూపించు, ఆయన ఇష్టం' అన్నాడు." కాగితం మడత సరిచేసింది. "ఆ రంగు నేను పెట్టుకోనా? ఇంకో మాట. పైన అంతస్తు మీరు చేసిస్తారా? నిజం కేకు?"

"కుర్రాళ్ళున్నారుగా మీ దుకాణం నిండా."

"వాళ్ళు చేస్తే తియ్యగా ఉంటుంది. అంతే."

పొగడ్త ఎక్కడ పెట్టాలో తండ్రి దగ్గర నేర్చుకుంది. వెళ్ళమన్నాను. కేకు చేయననీ, పెళ్ళికి రాననీ చెప్పాను. రంగు గురించి ఏమీ చెప్పలేదు. కాగితం అడగలేదు. అయినా ఇక్కడే వదిలివెళ్ళింది. ఈ పిల్లకి ఇదొక అలవాటు.

జూలై 25

నాకు తెలియదు. చిన్నాన్న దగ్గరికి వెళ్ళిందని నాకు తెలియదు.

జూలై 26

ఆ రోజు ఏదో అన్నాను. ఏమన్నానో గుర్తు లేదు.

జూలై 29

గుర్తు లేదు.

ఆగస్టు 3, బుధవారం

రంగు తేల్చడానికి గడువు పదహారో తారీఖట. కారీన్ ఫోన్ల మీద ఫోన్లు చేస్తోందట. తన్నూస్ తల్లి ఈ కబురు చెప్పి, తుడిచిన చోటే మళ్ళీ తుడుస్తూ అంది, "మీ ఆవిడ ప్రతి గురువారం కిందికి వెళ్ళేది, తెలుసా? వెనక మెట్ల మీంచి. ఇస్కందర్ పెళ్ళాం దగ్గర కూర్చుని ఏడ్చి వచ్చేది. మీ ముందు ఏడవడానికి భయం."

"తెలుసు," అన్నాను.

తెలియదు.

ఆగస్టు 15, సోమవారం. మేరీమాత పండగ

"నేను చచ్చాక చేయించుకో" అన్నాను.

ఆగస్టు 16

పిండి జల్లిస్తున్నాను అప్పుడు. అది బల్లకి ఆనుకుని నిలబడి, ఏడు అంతస్తులూ, ఆప్రికాట్ రంగూ అని చేతులు తిప్పుతూ చెప్తోంది. బల్ల మీద పిండిలో వేలితో బొమ్మ కూడా గీసింది. నేను తల ఎత్తలేదు. ఆ మాట అని, బొమ్మ మీద మళ్ళీ జల్లెడ పట్టాను. అది వేలికంటిన పిండి దులుపుకుని బయటికెళ్ళింది.

మళ్ళీ నవ్వుతూనే తిరిగింది. అందుకే మరిచిపోయిందనుకున్నాను. నేనూ మరిచిపోయాననుకున్నాను.

తన్నూస్ తల్లితో కిందికి కబురు పంపాను: రంగు పెట్టుకోమను.

"ఇంకేమైనా చెప్పాలా?"

"కేకు ఎన్ని అంగుళాలు కావాలో కనుక్కో."

ఆవిడ చీపురు అక్కడే పడేసి పరుగెత్తింది. నడుం నొప్పట!

ఆగస్టు 22

పొంగలేదు. ఈ పొయ్యి నాకంటే ముసలిది.

ఆగస్టు 25

పొంగింది. మధ్యలో కుంగింది. తన్నూస్ తల్లి గుంట నిండా జామ్ పోసుకుని మొత్తం తినేసింది. "కుంగినా బావుంది మాస్టారూ, మీలాగే."

ఆగస్టు 31

బావుంది. ఎవరికీ పెట్టకుండా నేనే ఒక ముక్క తిన్నాను. తీపి నాలిక్కి తగిలి చాలా కాలమైంది. పళ్ళు జివ్వుమన్నాయి.

సెప్టెంబరు 9, శుక్రవారం

ఎనిమిది అంగుళాలు. మధ్య రెండు పొరలు జామ్. పైపూతలో రంగు సీసాల్లోది కలపలేదు. జామ్‌ని పలచని గుడ్డలో వడగట్టి కలిపాను. మొదట పసుపు ఎక్కువైంది. తర్వాత ఎరుపు. అయిదోసారికి ఒక పండు చీల్చినట్టే వచ్చింది. రిందలా వదిలిన రంగు ముక్క పుస్తకంలోంచి తీసి పక్కన పెట్టి చూశాను. సరిపోయింది.

తన్నూస్ తల్లి రెండు చేతులతో పట్టుకుని, శిలువ ఊరేగింపులో నడిచినట్టు, మెట్లు దిగింది. నేను పైనుంచి మెట్లు లెక్కపెట్టాను.

రేపు నేను వెళ్ళను. చెప్పేశాను కదా. పెళ్ళికూతుర్ని తీసుకెళ్ళడానికి డప్పులు ఈ మెట్ల కిందికే వస్తాయి. మరోసారి వాటిని ఇక్కడ వినలేను. దూది తెచ్చి పెట్టుకున్నాను.

సెప్టెంబరు 11, ఆదివారం

నిన్నటిది రాయాలి.

పొద్దున్నే గడ్డం గీసుకున్నాను. సూటు వేసుకున్నాను. వెళ్ళడానికి కాదు, ఊరికే. కుర్చీ తలుపుకేసి తిప్పి కూర్చున్నాను. రానన్నవాణ్ణి పిలవడానికి ఎవరూ రారు. రానన్న ముసలాయన మాట ఎంతవరకు నమ్మాలో తెలిసినవాళ్ళు ఈ కాలంలో లేరు.

నాలుగింటికి డప్పులు వచ్చాయి. వీధి మలుపులో ఉండగానే దూది కోసం లేచాను. గేటు దాటాయి. మెట్ల కిందికి వచ్చాయి. దూది ఎక్కడ పెట్టానో కనపడలేదు. తెల్ల పెట్టె మెట్లు దిగుతున్నట్టే ఉంది.

ఉన్నట్టుండి ఆగిపోయాయి. తెగ్గోసినట్టు.

మెట్ల మీద గుడ్డ రాసుకుంటున్న చప్పుడు. తలుపు తోసుకుని రిందలా వచ్చింది. తెల్ల గౌను రెండు చేతుల్తో మోకాళ్ళ దాకా ఎత్తి పట్టుకుంది, ఆయాసపడుతోంది.

"ఆపమన్నాను పెదనాన్నా. మీరు కిందికి దిగేదాకా వాయించరు."

"పిచ్చిదానా! అక్కడ పెళ్ళికొడుకు చర్చిలో నిలబడి ఉంటాడే."

"నిలబడనీండి. సూటు ఎవరి కోసం వేసుకున్నారు?"

"బట్టలు గాలికి ఆరేసే బదులు ఒంటి మీద ఆరేశాను."

"సరే, కిందికొచ్చి ఆరేసుకోండి," అని చెయ్యి చాపింది.

పద్దెనిమిది మెట్లు. దాని గౌను అంచు నేను తొక్కకుండా, నా కాలు జారకుండా అది, చాలాసేపు పట్టింది. కింద వాకిట్లో నలభై మంది. ఒక్కరికీ నోరు లేదు. డప్పుల వాళ్ళు కర్రలు పైకెత్తి అలాగే నిలబడి ఉన్నారు. గేటు పక్కన ఇస్కందర్. జుట్టంతా తెల్లబడిపోయింది. రోజూ కిటికీలోంచి చూసే మనిషే, అయినా దగ్గర్నుంచి ఇంత తెల్లగా ఉందనుకోలేదు. వాడు నేల చూస్తున్నాడు.

అందరూ నేనేం చేస్తానా అని చూస్తున్నారు. ఆ నిశ్శబ్దం నా చెవుల్లో డప్పుల కంటే ఘోరంగా ఉంది.

"వాయించండర్రా," అన్నాను. "మెడలో వేలాడేసుకోవడానికి తెచ్చుకున్నారా వాటిని?"

వాయించారు. ఆడవాళ్ళు నాలుకలు ఆడించి కూతలు పెట్టారు. తన్నూస్ తల్లి కూత అందరికంటే పైన. నేను చివర్న, నెమ్మదిగా నడిచాను. చర్చి దాకా డప్పులు ఆగలేదు. నేనూ ఆగలేదు.

హాల్లో కేకు చూశాను. ఏడు అంతస్తులు, ఆప్రికాట్. గోడలూ కుర్చీలూ పువ్వులూ అన్నీ ఆ రంగే. లోకమంతా ఒక పండులోపలికి వెళ్ళి కూర్చున్నట్టుంది. కారీన్‌ని మెచ్చుకోను, కానీ తిట్టడానికి కూడా ఏమీ దొరకలేదు. రిందలా, దాని మొగుడు కత్తి దింపారు. ఆ పిల్లకి చీలిక ఎక్కడుందో తెలుసు, చప్పట్లు కొట్టినవాళ్ళకీ తెలుసు. మోసపోయినవాడు హాల్లో ఒక్కడూ లేడు. చీలికలో కత్తి దింపి, పై అంతస్తు కిందికి దించి, అది ఇద్దరే తిన్నారు. రిందలా మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని జనంలో నా కోసం వెతికింది. నేను స్తంభం వెనక ఉన్నాను.

ఇస్కందర్ నా దగ్గరికి రాలేదు. నేనూ వెళ్ళలేదు. ఎవరి బల్ల దగ్గర వాళ్ళం కూర్చున్నాం.

అంతా రాస్తున్నాను కాబట్టి ఇదీ రాస్తాను. ఆనాడు అది అట్ట అని నాకు తెలుసు. నా దుకాణంలో చేసిన అట్ట నాకు తెలియకపోవడం ఏమిటి? తెలిసే దింపాను. ఏదైనా తగులుతుందేమో అనుకున్నాను.

సెప్టెంబరు 12, సోమవారం

కింద చప్పుడు లేదు. పిల్ల వెళ్ళిపోయింది. తన్నూస్ తల్లి పెళ్ళి అలసటతో రాలేదు. కాఫీ నేనే పెట్టుకుందామని గిన్నె తీశాను, మళ్ళీ పెట్టేశాను.

పద్దెనిమిది మెట్లు దిగాను. ఈసారి పట్టుకోవడానికి ఎవరూ లేరు.

దుకాణంలో ఇస్కందర్ ఒక్కడే ఉన్నాడు. అద్దాల బల్ల తుడుస్తున్నాడు. నన్ను చూసి తుడవడం ఆపలేదు. నేను కాగితం తీసి బల్ల మీద పెట్టాను.

"దీనికి ముందు అది నన్నడిగిందిరా. నేనేమన్నానో నీకు తెలీదు."

"తెలుసు అన్నయ్యా."

"ఏం తెలుసు?"

"నువ్వు చచ్చాక చేయించుకోమన్నావు. ఏడుస్తూ నా దగ్గరికే వచ్చింది. ఈ మూల, ఈ స్టూల్ మీదే కూర్చుంది. నీలా నడిచి, నీలా తిట్టి చూపించాను. కడుపు పట్టుకుని నవ్వింది. నవ్వుతూనే ఈ బొమ్మ గీసింది."

కాగితం మడిచాను. మళ్ళీ విప్పాను.

"మరి ఆ రోజు హాల్లో అంతమంది ముందు నిన్ను అన్నాను కదరా. చెప్పలేదేం? ఇన్నేళ్ళూ చెప్పలేదేం?"

గుడ్డ పిండి, ఆరేసి, చేతులు తుడుచుకున్నాడు.

"చెప్తే నువ్వు బతికేవాడివా?"

స్టూల్ నా వైపు తోశాడు. కూర్చున్నాను. లోపలికెళ్ళి పొయ్యి వెలిగించాడు. కాఫీ పొంగిన వాసన వచ్చింది. చక్కెర డబ్బా పట్టుకుని తలుపు దగ్గర నిలబడ్డాడు, చెంచా గాల్లో పట్టుకుని, నన్ను చూస్తూ.

"వెయ్యనా?"

"ఒక చెంచా," అన్నాను.

రెండు వేశాడు. వాడికి కొలత ఎప్పుడూ తెలియదు.

తాగాను.